మా మనవరాలి పేరు, మా ఇంటావిడ పేరు



ఈసారి పోస్టు పొడుగైంది. తీరిక ఉన్నప్పుడే చదవండి. చివరలో మీ అందరితో ఒక పని ఉంది, అందుకని మధ్యలో వదిలేయకండి.

మనవరాలు పుట్టిందని నేను ఫోటో పెట్టినప్పుడు చాలామంది దీవించారు. పేరు అనెట్ అని రాయగానే ప్రశ్నలు మొదలయ్యాయి. అర్థం ఏమిటని కొందరు అడిగారు. మన సిరోంచా పిల్లకు ఫ్రెంచి పేరెందుకని ఒకరు, మతం మారారా అని ఇంకొకరు (పేరు రాయను, మనవాడే). అప్పుడు జవాబు రాయలేదు. ఎందుకంటే ఆ పేరు మీద మా ఇంట్లోనే తెగలేదు అప్పటికి. ఇప్పుడు తెగింది కాబట్టి మొత్తం రాస్తున్నాను.

కొత్త సభ్యుల కోసం నా సంగతి రెండు ముక్కల్లో చెప్తాను. నేను పుట్టి పెరిగింది విళుప్పురంలో. నాన్న రైల్వేలో పాయింట్స్‌మన్. ఇంట్లో తెలుగు, బడిలో తమిళం. పదకొండో తరగతి వరకు తమిళ మీడియమే. తెలుగు మాట్లాడటం వచ్చు కానీ ఒక్క అక్షరం రాదు. ఉద్యోగం కాజీపేట, బల్లార్షా లైనులో వచ్చాక స్టేషను బోర్డులు చూసి తెలుగు నేర్చుకున్నాను. మంచిర్యాల, బెల్లంపల్లి, సిర్పూర్ కాగజ్‌నగర్, ఇవే నా మొదటి వాచకం. ఒకే పేరు మూడు లిపుల్లో ఒకదాని కింద ఒకటి ఉంటుంది కదా, అట్లా పోల్చుకుని చదివాను. కాబట్టి నా రాతలో తప్పులుంటే ఎప్పటిలాగే సర్దుకోండి. పార్సిల్ ఆఫీసుకు సరుకు పంపటానికి ప్రాణహిత దాటి వచ్చే ఒక పెద్దమనిషి నన్ను అల్లుణ్ణి చేసుకున్నాడు. అప్పుడు వంతెన లేదు, పడవే. పెళ్ళికి మావాళ్ళు విళుప్పురం నుంచి వచ్చి ఆ పడవలో కూర్చుని దండాలు పెట్టుకున్నారు. రిటైరయ్యాక ఇక్కడే స్థిరపడ్డాను.

మా అబ్బాయి పుణేలో ఉద్యోగం. తనతో పనిచేసే పుదుచ్చేరి అమ్మాయిని చేసుకున్నాడు. కోడలివాళ్ళు తమిళ కతోలికులు. ఇంట్లో తమిళం, పెద్దవాళ్ళకు కొంచెం ఫ్రెంచి. ఆమెకు తెలుగు రాదు, మా ఆవిడకు తమిళం రాదు. అత్తాకోడళ్ళ మధ్య దుబాసీ నేనే. ఈ ఉద్యోగానికి పింఛను లేదు కానీ నింద మాత్రం ఉంది. ఎందుకో చెప్తాను.

ముందు పేరు సంగతి.

అనెట్ అంటే ఆన్ అనే పేరుకు ముద్దు రూపం. ఫ్రెంచివాళ్ళ నోట్లో అది 'ఆనెత్'లా వినిపిస్తుంది, చివర ట కాదు, త. ఇంగ్లీషు నోట పడి ట అయింది. ఆన్‌కు మూలం హన్నా, హీబ్రూ మాట. అర్థం దయ, అనుగ్రహం. తెలుగు బైబిల్లో సమూయేలు తల్లి పేరు హన్నా అనే ఉంటుంది. పిల్లలు లేక ఏడ్చి మొక్కుకున్న తల్లి. తరువాత మరియమాతను కన్న తల్లి పేరు కూడా అదేనని క్రైస్తవులు చెప్పుకుంటారు. ఫ్రాన్సులో బ్రిటనీ అనే సముద్రపు ఒడ్డు ప్రాంతానికి ఆవిడే కాపుదల తల్లి. మనకు గ్రామదేవత ఎట్లాగో అట్లా. అందుకే అక్కడ ఇంటికొక ఆన్. ఒకే వీధిలో పది మంది ఆన్‌లుంటే ఎవరిని పిలిచినట్టు? చిన్నదాన్ని అనెట్ అన్నారు, ఇంకొకదాన్ని నానెట్ అన్నారు, మరొకదాన్ని అనిక్ అన్నారు.

ఈ 'ఎట్' అనేది వాళ్ళ చిట్టి. ఆడపిల్ల పేరు చివర తగిలిస్తారు. జూలీకి జూలియెట్, పాల్‌కు ఆడరూపం పాలెట్, ఆంత్వాన్‌కు ఆంత్వానెట్. గుణదలకు వెళ్ళివచ్చినవాళ్ళకు లూర్దుమాత తెలుసు. ఫ్రాన్సులోని లూర్దులో 1858లో మాతను చూశానని చెప్పిన పేదపిల్ల పేరు బెర్నడెట్. అదీ ఇదే ఎట్. మనం చిట్టి ముందు పెట్టి చిట్టెమ్మ అంటాం, వాళ్ళు వెనక పెడతారు. తమిళంలో చిన్నపొణ్ణు, మరాఠీలో చిమణీ, ఛకులీ. ఏ భాషలో ఆడపిల్లను చిన్నది చేసి పిలవరు చెప్పండి.

ఈ పేరు మా కోడలు ఇంటర్నెట్టులో వెతికి తెచ్చింది కాదు. ఆమె అమ్మమ్మ పేరు. ఆ అమ్మమ్మ ఫ్రెంచి కాలంలో పుట్టింది. అప్పుడు పుట్టుకలన్నీ ఫ్రెంచి రిజిస్టరులో రాసేవారు. 1881లో అక్కడ ఒక డిక్రీ వచ్చింది. కావాలనుకున్నవాళ్ళు తమ కుల, మత ఆచారాల చట్టం వదులుకుని ఫ్రెంచి చట్టం కిందికి రావచ్చు, అట్లా వచ్చినప్పుడు ఒక ఇంటిపేరు ఎంచుకోవాలి. అట్లా పొన్నుతంబి పిళ్ళై అనే లాయరు లాపోర్త్ అయిపోయాడు. లాపోర్త్ అంటే తలుపు. మా వియ్యంకుడు ఇదంతా కథలాగా చెప్తాడు. 1954 నవంబరు 1న పుదుచ్చేరి మనకు వచ్చింది, కాగితాల మీద పూర్తిగా తేలటానికి 1962 ఆగస్టు 16 దాకా పట్టింది. రాజ్యం పోయినా రిజిస్టరులో పేర్లు మిగిలాయి.

పరాయి పేరు అన్నవాళ్ళకు ఒక్క మాట. మన సిరోంచా పక్కనే గ్లాస్‌ఫర్డ్‌పేట ఉంది. 1860ల్లో మన ఊరు అప్పర్ గోదావరి జిల్లాకు ముఖ్య పట్టణంగా ఉన్నప్పుడు డిప్యూటీ కమిషనరుగా చేసిన కెప్టెన్ గ్లాస్‌ఫర్డ్ పేరు అది. 1874లో ఆ జిల్లానే ఎత్తేశారు, చాందాలో కలిపేశారు. జిల్లా పోయింది, దొర పోయాడు, పేటకు పేరు ఉండిపోయింది. మనం తలా ఒక రకంగా పలుకుతాం, కానీ మార్చాలని ఎవరికీ తోచలేదు. ఇంకొకటి. మీ ఇంట్లో ఆడవాళ్ళ బీరువాలో జార్జెట్ చీర ఉందా? సుమారు నూరేళ్ళ కింద ఫ్రాన్సులో జార్జెట్ ద లా ప్లాంత్ అనే ఆవిడ బట్టలు కుట్టేది. ఆ గుడ్డకు ఆమె పేరే వచ్చింది. జార్జ్‌కు ఆడరూపం, చివర అదే ఎట్. మా ఆవిడకు ఇట్లాంటివి నాలుగున్నాయి. ఫ్రెంచి ఆడపిల్ల పేరు చుట్టుకుని ఎన్నో పెళ్ళిళ్ళకు వెళ్ళింది.

ఇక గొడవ దగ్గరికి వస్తాను.

తొట్టెల పుదుచ్చేరిలో, కోడలి పుట్టింట్లో. మేము ఇక్కడి నుంచి ఆరుగురం వెళ్ళాం. భోజనాలయ్యాక హాల్లో కూర్చున్నాం. పేరు మా అబ్బాయి చెప్పాడు. మా బావమరిది వెంటనే, "సిగరెట్, టాయిలెట్, ఆమ్లెట్, ఇగ అనెట్" అన్నాడు. మావాళ్ళంతా నవ్వారు. నాకు చిరాకేసింది కానీ అతను తెలియకుండానే నిజం చెప్పాడు. సిగరెట్ అంటే ఫ్రెంచిలో చిన్న సిగార్. టాయిలెట్ అంటే మొదట్లో చిన్న గుడ్డ, తువాల్ లాంటిది. క్యాసెట్ అంటే చిన్న పెట్టె. టికెట్ కూడా పాత ఫ్రెంచి మాటే, అంటించే చీటీ అని. అంటే ముప్పై ఆరేళ్ళు నేను అమ్మింది ఆ భాష సరుకే. ఇవన్నీ తరువాత తెలుసుకున్నాను, అప్పుడే తెలిసుంటే అతని నోరు మూయించేవాణ్ణి.

కోడలు ఆ నవ్వు చూసి తమిళంలో నాతో అంది, "మామా, అది చెల్ల పేర్ అని అత్తమ్మకు చెప్పండి."

తమిళంలో చెల్లం అంటే గారాబం. చెల్ల పేర్ అంటే ముద్దుపేరు. తెలుగులో చెల్లదు అంటే టికెట్ పనికిరాదు, అది వేరే సంగతి. నేను మా ఆవిడ వైపు తిరిగి ఏమన్నానంటే, "ఆన్ అని పెద్ద పేరు ఉంది, దానికి ఇది చిన్న పేరు. చిన్ని ఆన్ అన్నట్టు."

మా ఆవిడ అప్పటిదాకా నవ్వుతూ పిల్లను ఒళ్ళో పెట్టుకుని ఉంది. పిల్లను తీసి కోడలికి ఇచ్చేసింది. "ఈ పేరు వద్దు" అంది. అంతే. ఇంకొక మాట లేదు.

హాలు నిశ్శబ్దం. వియ్యపురాలి ముఖం మాడిపోయింది. క్రైస్తవ పేరని మా ఆవిడ వద్దంటోందని వాళ్ళు అనుకున్నారు. నేనూ అదే అనుకున్నాను. మా అబ్బాయి కోపంగా బయటికి వెళ్ళిపోయాడు. కోడలు మాత్రం ఏమీ అనలేదు. మరునాడు మునిసిపాలిటీలో పుట్టుక నమోదు చేయించి పేరు గడి ఖాళీగా వదిలేసింది. చాలామందికి తెలియదు, అట్లా వదలవచ్చు. పుట్టుక 21 రోజుల్లోపల చెప్పాలి, పేరు మాత్రం ఏడాదిలోపల ఎప్పుడైనా ఉచితంగా చేర్పించవచ్చు. ఆ తరువాత కూడా ఫీజు కట్టి 15 ఏళ్ళ దాకా చేర్పించవచ్చు. "అత్తమ్మ ఒప్పుకున్నాకే రాయిద్దాం" అని కోడలు నాతో చెప్పింది. వయసులో చిన్నదైనా మా అందరికంటే నెమ్మదస్థురాలు.

ఆ రాత్రి అడిగాను. మతం గురించా అని. మా ఆవిడ నన్ను చూసిన చూపు ఇప్పటికీ గుర్తుంది.

"మతమేంది? మా ఇంటి పక్కల మేరమ్మ లేదా? ఆమె శేతి బువ్వ తినే పెరిగిన. నాకు చిన్న పేరు వద్దు. ఇంట్ల ఒక చిన్న పేరు సాలు. నా మనుమరాలికి నిండు పేరు పెట్టున్రి."

ఇక్కడ మా ఆవిడ పేరు చెప్పాలి. మీలో చాలామందికి తెలుసు, అయినా వదినా అనో అత్తా అనో పిలుస్తారు కాబట్టి పట్టించుకుని ఉండరు. ఆవిడ పేరు చిన్ని. ఇంట్లో పిలిచే పేరు కాదు. బడి రికార్డులో, రేషను కార్డులో, ఓటరు కార్డులో, ఆధార్‌లో, నా పింఛను కాగితాల్లో, అన్నిటా చిన్ని. నలుగురు ఆడపిల్లల్లో ఆఖరిది. బడిలో వేసినప్పుడు మాస్టారు పేరేమిటని అడిగితే వెంట వెళ్ళిన తాత ఇంట్లో పిలిచే మాటే చెప్పాడు. మాస్టారు మరాఠీలో అదే రాసుకున్నాడు. పుట్టిన తేదీ జూన్ 1 రాసుకున్నాడు. మన వయసువాళ్ళలో సగం మంది జూన్ 1నే పుట్టారు కదా.

నలభై ఏళ్ళు ఆ పేరు పెట్టి పిలిచాను, రాశాను, సంతకాలు పెట్టించాను. జీవితమంతా మనుషుల పేర్లు రిజిస్టర్లలో చూసిన గుమస్తాను. అక్షరం తేడా ఉంటే ఒప్పుకునేవాణ్ణి కాదు. కానీ ఈ పేరు ఆమెకు ఎట్లా ఉంటుందో ఒక్కసారీ అడగలేదు.

ఆ రాత్రి ఆమె చెప్పింది, "బ్యాంకుల చిన్ని అని పిలిస్తే నేను లేసి పోవాలె. ఆడ కూసున్నోల్లు ఏ పిల్లనో అనుకుంటరు. ముసల్ది లేసేసరికి నవ్వుతరు. పూర్తి పేరు చెప్పుమంటడు ఆ పిలగాడు. గదే పూర్తి పేరు అంటే మల్ల నవ్వుతడు."

కొంచెం సేపు ఆగి ఇంకొకటి అంది. "పెండ్లప్పుడు మా అక్కలు పేరు మార్సుమన్నరు. మీరేమన్నరు? ఇదే ముద్దుగున్నది, ఉండనియ్యున్రి అన్నరు. ముద్దుగున్నది మీకు. రాసుకునేది నేను."

నిజమే. మహారాష్ట్రలో చాలా ఇళ్ళలో పెళ్ళినాడు కోడలికి కొత్త పేరు పెట్టే ఆచారం ఉంది, పళ్ళెంలో బియ్యం పోసి వేలితో రాస్తారు. సరిహద్దు ఊరు కాబట్టి మనవాళ్ళలోనూ కొన్ని ఇళ్ళలో చేశారు. నేను తమిళనాడు నుంచి వచ్చినవాణ్ణి, అదేదో ఆడపిల్లను అవమానించే పద్ధతి అనుకున్నాను. పుట్టింటివాళ్ళు పెట్టిన పేరు తీసేయటమేమిటని గొప్పగా వద్దన్నాను. ఆమె ఆ రోజు కోసం చూసిందని నాకెట్లా తెలుస్తుంది. అడిగితే తెలిసేది.

ఆడపిల్లల పేర్ల విషయంలో మన రాష్ట్రంలో ఇంతకంటే ఘోరాలు ఉన్నాయి. సాతారా జిల్లాలో ఆడపిల్లలకు నకోశీ, నకుశా అని పేర్లు పెట్టేవారు, అక్కర్లేనిది అని అర్థం. 2011 అక్టోబరులో అక్కడ 285 మంది ఆడపిల్లలకు ప్రభుత్వమే సభ పెట్టి కొత్త పేర్లు ఇచ్చింది. తమిళనాట వేండాం అనే పేరున్న ఆడపిల్లలున్నారు, వద్దు అని. మా ఆవిడ పేరు అట్లాంటిది కాదు, గారాబంగా పిలిచిందే. మా మామకు ఆఖరి కూతురంటే ప్రాణం. కానీ పెద్ద పేరు ఒకటి ఉండి ఇంట్లో చిన్ని అనటం వేరు, అసలు పేరే చిన్ని కావటం వేరు అని నాకు అరవై దాటాక తెలిసింది. లోపల వేసుకునే బనియనుతో ఆఫీసుకు పంపినట్టు.

అసలు తప్పు నా అనువాదంలో ఉంది. కోడలు ముద్దుపేరు అంది, నేను చిన్న పేరు అన్నాను. పైగా చిన్ని అన్నాను. వేరే ఏ మాట వాడినా ఇంత దూరం వచ్చేది కాదు. తమిళంలో చదివి తెలుగులో బతికేవాడి కష్టం ఇది. మాటకు మాట దొరుకుతుంది, సరిపోయిందనుకుంటాం.

పుదుచ్చేరిలో ఇంకా వారం ఉన్నాం. ఊరికే కూర్చోలేక మా అబ్బాయి ఫోనులో ఈ పేరున్నవాళ్ళ గురించి వెతికించాను. ఒక పేరు నాకు బాగా పట్టింది. అనెట్ బెవరిజ్ అని ఇంగ్లీషావిడ, 1842లో పుట్టింది. ముప్పై ఏళ్ళప్పుడు కలకత్తా వచ్చి 1873లో ఆడపిల్లలకు బడి పెట్టింది. యాభై దాటాక పారసీ, తురుష్క భాషలు నేర్చుకుంది. బాబరు కూతురు గుల్బదన్ బేగం రాసిన హుమాయూన్ చరిత్రను 1902లో ఇంగ్లీషులో అచ్చు వేయించింది, తరువాత బాబరు ఆత్మకథను కూడా ఇంగ్లీషు చేసింది. 1883లో ఇల్బర్ట్ బిల్లు వచ్చినప్పుడు, భారతీయ జడ్జీలు తెల్లవాళ్ళను విచారించకూడదని పత్రికకు రాసింది కూడా ఈవిడే. అది మెచ్చుకునే పని కాదు. మెచ్చుకునేది ఆ చదువును. మా ఆవిడకు ఇదంతా చెప్పాను. "పేరు చిన్నదైనా ఆమె చిన్నది కాలేదు చూడు" అన్నాను.

"ఆమె దొరసాని. ఏ పేరైతేంది ఆమెకు" అంది. దానికి నా దగ్గర జవాబు లేదు.

తిరిగి వచ్చేటప్పుడు వియ్యంకుడు ఒక సలహా ఇచ్చాడు. మీ తెలుగు దేశంలోనే మా ఊరి ముక్క ఒకటి ఉంది, యానాం, అక్కడ మా అమ్మమ్మ పేరు గుడి ఉంది, చూసి వెళ్ళండి అన్నాడు. నాకు రైల్వే పాసు ఉంది, తొందరేమీ లేదు. మిగతావాళ్ళు ఇంటికి వెళ్ళారు. మేమిద్దరం మద్రాసు వచ్చి సర్కారు ఎక్స్‌ప్రెస్‌లో కాకినాడ వెళ్ళి, అక్కడ నుంచి బస్సులో యానాం దిగాం.

యానాం చిన్న ఊరు, మొత్తం 30 చదరపు కిలోమీటర్లు. చుట్టూ ఆంధ్రా, పాలన పుదుచ్చేరిది. మాట్లాడేది అచ్చంగా తెలుగు. మన ఊరిలాగే, తెలుగు మాట్లాడుతూ వేరే రాష్ట్రం లెక్కలో ఉన్న ఊరు. మా ఆవిడకు అది వెంటనే నచ్చింది. గౌతమి ఒడ్డుకు వెళ్ళాం. సిరోంచా దగ్గర మన కాళ్ళు కడిగిన ప్రాణహిత నీళ్ళు కాళేశ్వరంలో గోదావరిలో కలిసి, భద్రాచలం, రాజమండ్రి దాటి, ధవళేశ్వరం కింద చీలి, ఒక పాయ ఇక్కడికి వస్తుంది. ఇంకొంచెం దూరంలో సముద్రం. ఆమె వంగి నీళ్ళు నెత్తిన చల్లుకుంది.

గుడి 1846లో కట్టినది. ఫ్రెంచిలో సేంత్ ఆన్. మేము వెళ్ళినప్పుడు బయట ఒక పెద్దావిడ కూర్చుని ఉంది. మా ఆవిడ నేరుగా ఆమెను అడిగింది, ఇది ఏ తల్లి గుడి అని.

"అన్నమ్మ గారిది" అంది ఆ పెద్దావిడ.

మా ఆవిడ నా వైపు తిరిగింది. "అన్నమ్మనా? గదేనా మీరు చెప్పిన పెద్ద పేరు?"

అదే. తెలుగు కతోలికులు ఆ పునీతురాలిని ఎప్పటినుంచో అన్నమ్మ అనే అంటారు. తమిళంలో అన్నమ్మాళ్. నేను విళుప్పురం బడిలో అన్నమ్మాళ్ అనే పేరున్న పిల్లలతో చదువుకున్నాను. ఆన్ అని ఫ్రెంచిలో పలికి, చిన్ని ఆన్ అని తెలుగు చేశాను కానీ, ఆన్ అంటే అన్నమ్మ అని ఒక్క మాట అనటానికి తోచలేదు. ఆ మాట తెలిసీ తోచలేదు. ఇది చదివి నన్ను తిట్టుకోండి, ఫరవాలేదు.

"అన్నమ్మ నిండు పేరు" అంది మా ఆవిడ. "అన్నం ఉంది, అమ్మ ఉంది." భాష ప్రకారం ఆ పేరుకు అన్నంతో సంబంధం లేదని నాకు తెలుసు. ఆమెతో చెప్పలేదు.

బస్టాండులో కూర్చుని కోడలికి ఫోను చేయించింది. నేను తమిళంలో చెప్పబోతే ఫోను లాక్కుంది. తెలుగులోనే నెమ్మదిగా, ఒక్కొక్క మాట విడదీసి చెప్పింది. "రికార్డుల నీకు నచ్చింది రాయించు బిడ్డా. మీ అమ్మమ్మ పేరు. నేను మాత్రం అన్నమ్మ అంట." అటు నుంచి కోడలు "అన్నమ్మ, అన్నమ్మ" అని రెండుసార్లు అంది. ఏడ్చిందో నవ్విందో బస్సుల గోలలో తెలియలేదు. వియ్యపురాలు ఫోను తీసుకుని తమిళంలో ఏదో చాలా చెప్పింది, మా ఆవిడ అన్నిటికీ "ఆ, ఆ" అంది.

పేరు రికార్డులో అనెట్ అని చేరింది. పేరుకు పక్కన మా పద్ధతి, వాళ్ళ పద్ధతి, మహారాష్ట్ర పద్ధతి, మూడూ చూసి అబ్బాయి ఏదో తేల్చుకున్నాడు, ఆ తగువు ఇంకొక పోస్టు. ఇప్పుడు రోజూ సాయంత్రం వీడియో కాల్ వస్తుంది. అక్కడ అమ్మా నాన్నా ఆ పిల్లను ఆనీ అంటున్నారు, నీనూ అంటున్నారు, రోజుకొక ముక్క కోసేస్తున్నారు. మా ఆవిడ ఒక్కతే అన్నమ్మా అని నిండుగా పిలుస్తుంది. మూడు నెలల పిల్ల, ఆ పిలుపుకే ఎక్కువగా తిరుగుతుందని మా ఆవిడ నమ్మకం.

ఇక మీతో పని.

యానాం నుంచి వచ్చిన పది రోజులకు మా ఆవిడ అడిగింది, పేరు మార్చుకోవటానికి ఏం చేయాలని. మహారాష్ట్ర గెజిట్‌లో ప్రకటనకు ఆన్‌లైన్‌లోనే దరఖాస్తు పెట్టుకోవచ్చు. ఆ తరువాత ఆధార్, బ్యాంకు, నా పింఛను కాగితాల్లో ఫ్యామిలీ పింఛను దగ్గర పేరు, అన్నీ వరుసగా మార్పించాలి. తిరుగుడు ఉంటుంది, అది నా పని, చేస్తాను. ఏ పేరు పెట్టుకుంటావని అడిగాను. కొత్తది ఏదైనా పెట్టుకుంటుందనుకున్నాను. ఆమె వద్దంది. తనకు ఒక పేరు ఉందట.

వాళ్ళ అమ్మ చెప్పేదట, "నీకు తొట్టెల నాడు మంచి పేరే పెట్టినం, ఎవ్వలు పిల్వకపాయె" అని. ఆ పేరేమిటో అమ్మ ఎప్పుడూ చెప్పలేదు, ఈమె అడగలేదు. చిన్నప్పుడు అది ముఖ్యమని తోచలేదు. అమ్మ పోయి చాలా ఏళ్ళయింది. చెవిలో పేరు చెప్పిన మేనత్త నది అవతల చెన్నూరు దిక్కున ఉండేది, ఆమే పోయింది. అక్కల్లో ఇద్దరే మిగిలారు, వాళ్ళు అప్పటికి చిన్నపిల్లలు. ఒక అక్క లక్ష్మితో మొదలయ్యే పేరంటుంది, ఇంకొక అక్క కాదంటుంది.

అది 1962 గానీ 63 గానీ, వానాకాలం అయి ఉండాలి. నాట్లప్పుడు పుట్టానని అమ్మ చెప్పేదట. సిరోంచాలో నది దిక్కు వాడలో, నాలుగో ఆడపిల్ల తొట్టెల. వాడవాళ్ళందరినీ పిలిచారట. మీ ఇళ్ళల్లో ఎనభై దాటిన అమ్మలు, పెద్దమ్మలు, నానమ్మలు ఉంటే ఒక్కసారి అడగండి. ఆ వాడలో ఉన్నవాళ్ళు ఇప్పుడు అహేరి, ఆలాపల్లి, మంచిర్యాల, చంద్రపూర్ ఎక్కడెక్కడో ఉన్నారు, మీ బంధువుల్లో ఉంటే ఫోను చేసి అడగండి. ఎవరింటి పిల్ల అన్నది మీలో ఎక్కువమందికి తెలుసు, తెలియనివాళ్ళు నన్ను విడిగా అడగండి. జవాబు ఇక్కడ కింద రాయకండి. నాకు ఫోను చేయండి. ముందు ఆమె వినాలి.

దరఖాస్తు రాసి పెట్టాను. పాత పేరు, తండ్రి పేరు, భర్త పేరు, చిరునామా, అన్నీ అయ్యాయి. ఒక్క గడి మిగిలింది.